రగ్బీ ఎవరి సొత్తు? స్కాట్లాండ్‌లో తెగని పంచాయితీ

1988 మార్చి, ఎడిన్‌బరో. ఆ మధ్యాహ్నం మర్రేఫీల్డ్ మైదానంలో ఇంగ్లాండ్ 9–6 తేడాతో స్కాట్లాండ్‌ను ఓడించింది. గుర్తుపెట్టుకోవాల్సిన ఆటేమీ కాదు. రాత్రి విందులో మాత్రం మందు బాగా పారింది. స్కాట్లాండ్ ఆటగాడు జాన్ జెఫ్రీ, ఇంగ్లాండ్ ఆటగాడు డీన్ రిచర్డ్స్ ఇద్దరూ కలిసి, గెలిచిన జట్టుకిచ్చే కలకత్తా కప్పును పట్టుకుని ఊళ్లోకి బయల్దేరారు. వీధుల్లో దాన్ని బంతిలా ఆడుకున్నారని ఇప్పటికీ చెప్పుకుంటారు. తిరిగొచ్చేసరికి నూరేళ్లు పైబడిన ఆ వెండి కప్పు సొట్టలు పడి ఉంది. ఇంగ్లాండ్ యూనియన్, అంటే అక్కడి రగ్బీని నడిపే సంస్థ, రిచర్డ్స్‌ను ఒక్క మ్యాచ్‌కు పక్కన పెట్టి ఊరుకుంది. స్కాట్లాండ్ యూనియన్ జెఫ్రీని నెలల తరబడి నిషేధించింది.

తప్పు ఒక్కటే, శిక్షలు రెండు. స్కాట్లాండ్ రగ్బీ యూనియన్ ఎలాంటిదని ఎవరైనా అడిగితే నేను ముందు ఈ సంగతే చెబుతాను. ఇంకో సంగతి కూడా ఉంది. ఆ జెఫ్రీయే మూడు దశాబ్దాలు దాటాక అదే యూనియన్‌కు ఛైర్మన్ అయ్యాడు.

కప్పు పేరులో కలకత్తా ఎందుకుందంటే, దాన్ని చేసింది మన రూపాయలతోనే. 1872 క్రిస్మస్ రోజున కలకత్తాలో ఉన్న తెల్లదొరలు రెండు జట్లుగా విడిపోయి రగ్బీ ఆడారు. ఒకవైపు ఇంగ్లాండ్ వాళ్లు, మరోవైపు స్కాట్లాండ్, ఐర్లాండ్, వేల్స్ వాళ్లు. ఆ ఊపులో మరుసటి నెలలో కలకత్తా ఫుట్‌బాల్ క్లబ్ పెట్టారు. మొదట్లో క్లబ్బులో మందు ఉచితం కాబట్టి సభ్యులకు కొదవ లేదు. అది ఆగిపోయాక జనం పలచబడ్డారు. బెంగాల్ ఎండలో ఈ ఆట ఆడటం కూడా కష్టమే, పైగా పోలో మోజు పెరిగింది. చివరికి క్లబ్బు మూసేస్తూ, బ్యాంకులో మిగిలిన డబ్బును వెండి రూపాయలుగా తీసుకుని కరిగించి కప్పు చేయించారు. మూడు పిడులు మూడు తాచుపాములు, మూత మీద ఏనుగు. 1878లో దాన్ని ఇంగ్లాండ్ యూనియన్‌కు అప్పగించారు. 1879 నుంచి ఇంగ్లాండ్, స్కాట్లాండ్ దానికోసం తలపడుతూనే ఉన్నాయి.

కానీ ఈ వ్యాసం కప్పు గురించి కాదు. స్కాట్లాండ్ రగ్బీ గురించి చదవడం మొదలుపెడితే ఎక్కడ చూసినా కమిటీలు, కౌన్సిళ్లు, బోర్డులు, రాజీనామాలు, సమీక్షా నివేదికలే కనిపిస్తాయి. కొత్తగా చూసేవాళ్లకు తల తిరుగుతుంది. వీటన్నిటి కిందా ఉన్నది ఒకే తగువు. ఆట క్లబ్బులదా, దాన్ని నడిపే ఆఫీసుదా? అది 1873లో మొదలైంది, ఇప్పటికీ తెగలేదు.

పేపర్లో వేసిన సవాలు

1870లో లండన్‌లో ఇంగ్లాండ్, స్కాట్లాండ్ పేరుతో ఫుట్‌బాల్ మ్యాచ్‌లు జరిగాయి. ఇప్పుడు మనం ఫుట్‌బాల్ అంటున్న ఆటే, అంటే చేతితో పట్టుకోని రకం. స్కాట్లాండ్ పేరుతో ఆడినవాళ్లలో ఎక్కువమంది లండన్‌లో ఉంటున్నవాళ్లు. స్కాట్లాండ్‌లో ఉన్న క్లబ్బులకు ఇది మండింది. మన పేరుతో వాళ్లెవరో ఆడి ఓడిపోవడమేమిటని ఐదు క్లబ్బుల కెప్టెన్లు ఆ డిసెంబర్‌లో పత్రికలో బహిరంగ లేఖ రాశారు. రండి, రగ్బీ రూళ్లతో, జట్టుకు 20 మందితో ఆడదాం అన్నారు.

1871 మార్చి 27న ఎడిన్‌బరోలోని రేబర్న్ ప్లేస్‌లో ఆ మ్యాచ్ జరిగింది. ప్రపంచంలో మొదటి అంతర్జాతీయ రగ్బీ మ్యాచ్ అదే. అప్పట్లో లెక్కింపు వేరు. బంతిని గోల్ గీత అవతల నేలకు ఆనిస్తే పాయింట్లేమీ రావు, గోల్‌కు తన్నే అవకాశం మాత్రం వస్తుంది. ప్రయత్నించుకో అనే అర్థంలో దాన్ని ట్రై అన్నారు. పాయింట్లు వచ్చాక కూడా ఆ పేరు అలాగే నిలిచిపోయింది. స్కాట్లాండ్ ఒక గోల్, ఒక ట్రై సాధించింది. ఇంగ్లాండ్ ఒక్క ట్రైతో సరిపెట్టుకుంది.

గోల్‌కు దారితీసిన స్కాట్లాండ్ ట్రై మీద మైదానంలోనే పెద్ద గొడవైంది. ఇంగ్లాండ్ ఆటగాళ్లు గట్టిగా అభ్యంతరం చెప్పారు. అంపైర్లలో ఒకరు లోరెటో స్కూల్ హెడ్‌మాస్టర్ హెలీ హచిన్సన్ ఆల్మండ్. ఆయన స్కాట్లాండ్‌కే అనుకూలంగా తీర్పు చెప్పాడు. చాలా ఏళ్ల తర్వాత దాని గురించి రాస్తూ, అంపైరుకు అనుమానం వస్తే ఎక్కువ అరిచే జట్టుకు వ్యతిరేకంగా తీర్పివ్వడమే మంచిది, బహుశా తప్పు వాళ్లదే అయి ఉంటుంది అన్నాడు. పిల్లల్ని దశాబ్దాలు భరించిన హెడ్‌మాస్టర్ తప్ప ఇంకెవరూ ఇలా అనలేరు.

అంపైరు హెడ్‌మాస్టర్ కావడం యాదృచ్ఛికం కాదు. స్కాట్లాండ్‌లో రగ్బీ ఫీజులు కట్టి చదివే పెద్ద స్కూళ్లలో పుట్టింది. ఎడిన్‌బరో అకాడమీ, లోరెటో, మర్చిస్టన్, గ్లాస్గో అకాడమీ. చదువు అయిపోయాక కూడా ఆట మానలేనివాళ్లు పూర్వ విద్యార్థుల క్లబ్బులు పెట్టుకున్నారు. లాయర్లు, డాక్టర్లు, వ్యాపారులు. వాళ్లే 1873 మార్చి 3న, గ్లాస్గోలో ఇంగ్లాండ్‌తో మ్యాచ్ జరిగిన రోజే, గ్లాస్గో అకాడమీలో కూర్చుని యూనియన్ పెట్టారు. సంతకం చేసినవి ఎనిమిది క్లబ్బులు. వాటిలో ఏడు పూర్వ విద్యార్థులవో, యూనివర్సిటీలవో. వెస్ట్ ఆఫ్ స్కాట్లాండ్ ఒక్కటే వేరు.

వాళ్లు పెట్టుకున్న పేరు స్కాటిష్ ఫుట్‌బాల్ యూనియన్. సరిగ్గా పది రోజుల తర్వాత, మార్చి 13న, రెండో రకం ఆట వాళ్లు స్కాటిష్ ఫుట్‌బాల్ అసోసియేషన్ పెట్టారు. ఫుట్‌బాల్ అనే మాట మీద మొదట చెయ్యి వేసింది రగ్బీ వాళ్లే అయినా, జనం మాత్రం రెండో ఆట వెనక నడిచారు. గ్లాస్గో కార్మిక వాడల్లో అది దావానలంలా పాకింది. రగ్బీ వాళ్లు 1924 దాకా పాత పేరుతోనే గడిపి, అప్పుడు స్కాటిష్ రగ్బీ యూనియన్‌గా మార్చుకున్నారు. యాభై ఏళ్లు పట్టింది, ఫుట్‌బాల్ అనే పేరు మనది కాదని ఒప్పుకోవడానికి.

ఇంకో స్కాట్లాండ్

ఎడిన్‌బరో నుంచి దక్షిణంగా ఇంగ్లాండ్ సరిహద్దు వైపు వెళ్తే బోర్డర్స్ ప్రాంతం వస్తుంది. హావిక్, గాలాషీల్స్, మెల్రోజ్, సెల్కర్క్, కెల్సో, జెడ్‌బరో. అన్నీ చిన్న ఊళ్లు. ఉన్ని మిల్లులు, గొర్రెలు, పొలాలు. ఇక్కడ రగ్బీ స్కూల్ గోడల లోపల ఉండిపోలేదు. మిల్లు కార్మికుడు, రైతు, కసాయి, బ్యాంకు గుమాస్తా అందరూ ఒకే స్క్రమ్‌లో, అంటే బంతి కోసం రెండు జట్లూ గుంపుగా వంగి తోసుకునే చోట, భుజాలు కలిపారు. ఊరికీ ఊరికీ మధ్య పోటీ ఎలా ఉంటుందంటే, మన దగ్గర పక్కపక్క ఊళ్ల కబడ్డీ జట్లు గుర్తుకొస్తాయి. ఓడిపోయినవాడు సోమవారం పనిలోకి ఎలా వెళ్లాలా అని ఆలోచిస్తాడు.

మెల్రోజ్ క్లబ్‌కు 1883లో డబ్బు కష్టం వచ్చింది. ఊళ్లో కసాయి దుకాణంలో పనిచేసే నెడ్ హేగ్ అనే ఆటగాడు ఒక ఉపాయం చెప్పాడు. ఒక్కరోజు పోటీలు పెడదాం, టికెట్లు అమ్ముదాం. కానీ పదిహేనేసి మందితో అన్ని మ్యాచ్‌లు ఒక్క మధ్యాహ్నంలో ఆడించలేం. జట్టుకు ఏడుగురిని పెట్టి, సమయం తగ్గిస్తే సరి. ఏప్రిల్ 28న పోటీ జరిగింది. ఫైనల్లో మెల్రోజ్, పక్క ఊరు గాలా సమంగా నిలిచాయి. అదనపు సమయంలో మెల్రోజ్ ట్రై చేయగానే, గెలిచాం అంటూ మైదానం వదిలి వెళ్లి కప్పు తీసేసుకుంది. ఇంకా టైముందని గాలా వాళ్లు మొత్తుకున్నా ఎవరూ వినలేదు.

క్లబ్బు ఖర్చుల కోసం పుట్టిన ఆ ఏడుగురి ఆట 2016లో ఒలింపిక్స్‌కు చేరింది. 2025లో మన దేశంలో మొదలైన రగ్బీ ప్రీమియర్ లీగ్ ఆడేది కూడా ఈ రకమే. అందులో హైదరాబాద్ హీరోస్ అని ఒక జట్టుంది. పేరు విన్నవాళ్లు ఎంతమందో గానీ, దాని మూలం ఒక కసాయి దుకాణం దగ్గరుంది.

బోర్డర్స్ ఊళ్లు అక్కడితో ఆగలేదు. 1901లో సొంతంగా బోర్డర్ లీగ్ పెట్టుకున్నాయి. పాయింట్ల పట్టికతో నడిచే రగ్బీ పోటీల్లో ప్రపంచంలో అదే పాతదంటారు. ఎడిన్‌బరో పెద్దమనుషులు లీగులంటేనే ముఖం చిట్లించే రోజులవి. స్నేహపూర్వకంగా ఆడుకోవాలి గానీ ట్రోఫీల కోసం ఎగబడటమేమిటని వాళ్ల బాధ. యూనియన్ స్వయంగా దేశవ్యాప్త క్లబ్ లీగ్ మొదలుపెట్టింది 1973లో. ఆలస్యంగానైనా మొత్తం బ్రిటన్‌లో ఆ పని ముందు చేసింది స్కాట్లాండే. మొదటి ఐదేళ్లూ టైటిల్ ఎవరు కొట్టారంటే, హావిక్.

చేత్తో వెనక్కి కొడితే ఏమవుతుంది

1884లో ఇంగ్లాండ్‌లోని బ్లాక్‌హీత్‌లో ఆట. ఒక స్కాట్లాండ్ ఆటగాడు బంతిని చేత్తో వెనక్కి కొట్టాడు. అది ఇంగ్లాండ్ వాళ్లకు చిక్కింది, వాళ్లు ట్రై చేసి గోల్ కూడా కొట్టి మ్యాచ్ గెలిచారు. స్కాట్లాండ్ వాదన వినండి. మావాడు చేత్తో కొట్టడం తప్పు కాబట్టి ఆట అక్కడే ఆగిపోవాలి, తర్వాత జరిగింది చెల్లదు. ఇంగ్లాండ్ జవాబు: తప్పు మీవాడు చేసి, దాంతో లాభం కూడా మీరే పొందుతారా? అసలు మా దృష్టిలో అది తప్పే కాదు.

పది నిమిషాల్లో మరిచిపోవాల్సిన గొడవ. వీళ్లు ఉత్తరాల మీద ఉత్తరాలు రాసుకున్నారు. బయటివాళ్లు మధ్యవర్తిత్వం చేయాలని స్కాట్లాండ్ పట్టుబట్టింది, రూళ్లు రాసేది మేమే అని ఇంగ్లాండ్ భీష్మించింది. 1885లో రెండు దేశాల మధ్య మ్యాచే జరగలేదు. 1886లో స్కాట్లాండ్, ఐర్లాండ్, వేల్స్ కలిసి అంతర్జాతీయ బోర్డు పెట్టుకున్నాయి. క్లబ్బులు మాకెక్కువ, ఓట్లూ మాకెక్కువ కావాలని ఇంగ్లాండ్ చేరలేదు. అయితే మీతో ఆడం అన్నారు మిగతావాళ్లు. 1888, 1889లో ఇంగ్లాండ్‌కు వీళ్లతో మ్యాచ్‌లే లేవు. చివరికి 1890లో రాజీ కుదిరింది. ఇంగ్లాండ్‌కు ఆరు సీట్లు, మిగతా ముగ్గురికీ తలా రెండు. ఇప్పుడు వరల్డ్ రగ్బీ అనే పేరుతో ప్రపంచమంతా ఈ ఆటను ఏలుతున్న సంస్థ అదే. ఒకడు చేత్తో బంతిని వెనక్కి కొట్టడం దాని పుట్టుకకు కారణం అంటే అతిశయోక్తి కాదు.

2019 జపాన్ ప్రపంచకప్పులో స్కాట్లాండ్ ఇదే పని మళ్లీ చేసింది. హగిబిస్ తుఫాను ముంచుకొస్తోంది, కొన్ని మ్యాచ్‌లు రద్దయ్యాయి. జపాన్‌తో తమ చివరి లీగ్ మ్యాచ్ కూడా రద్దయితే స్కాట్లాండ్ ఆడకుండానే ఇంటికి పోవాలి. అప్పటి సీఈఓ మార్క్ డాడ్సన్ కోర్టుకు వెళ్తామన్నట్టు బహిరంగంగా మాట్లాడాడు. తుఫానుతో ప్రాణాలకే ముప్పు ఉన్నవేళ ఈ మాటలు చాలామందికి రుచించలేదు. తీరా మ్యాచ్ జరిగింది, జపాన్ 28–21తో గెలిచింది. స్కాట్లాండ్ ఎలాగూ ఇంటికే వెళ్లింది, పైగా 70 వేల పౌండ్ల జరిమానా కూడా కట్టింది. తాము పుట్టించిన సంస్థకే.

డబ్బు అంటరానిదైన రోజులు

1895లో ఉత్తర ఇంగ్లాండ్ క్లబ్బులు విడిపోయి వేరు కుంపటి పెట్టుకున్నాయి. కారణం, మిల్లులో శనివారం పని మానేసి ఆడేవాడికి పోయిన కూలి ఇవ్వాలా వద్దా అన్నది. అదే తర్వాత రగ్బీ లీగ్ అనే వేరే ఆట అయింది. స్కాట్లాండ్ యూనియన్ ఈ విషయంలో ఇంగ్లాండ్‌ను మించిన ఛాందసం చూపించింది. ఆటకు పైసా తీసుకుంటే మనిషి పనికిరానివాడే. లాయరుకు ఈ నియమం కష్టం కాదు. హావిక్ మిల్లు కుర్రాడికి కష్టం. అందుకే బోర్డర్స్ నుంచి మంచి ఆటగాళ్లు ఒక్కొక్కరే రగ్బీ లీగ్ ఒప్పందాలు చేసుకుని దక్షిణానికి వెళ్లిపోయారు. వెళ్లినవాడికి తిరిగి సొంత క్లబ్బులో చోటు ఉండేది కాదు. హావిక్ కుర్రాడు డేవ్ వాలెంటైన్ 1947లో స్కాట్లాండ్‌కు ఆడాడు, తర్వాత హడర్స్‌ఫీల్డ్‌కు వెళ్లాడు. 1954లో జరిగిన మొట్టమొదటి రగ్బీ లీగ్ ప్రపంచకప్పును గ్రేట్ బ్రిటన్ కెప్టెన్‌గా గెలిచాడు. రగ్బీలో ప్రపంచకప్పు ఎత్తిన స్కాట్లాండ్ మనిషిని స్కాట్లాండ్ యూనియన్ దృష్టిలో వెలివేసినవాడుగా ఉంచింది ఈ నియమమే.

ఆ కాలపు యూనియన్ పెద్ద జేమ్స్ ఐక్‌మన్ స్మిత్. ఆయన గురించిన ఒక కథ అందరూ చెబుతారు. ఆటగాళ్ల జెర్సీలకు నంబర్లు ఎందుకు లేవని ఐదో జార్జి రాజు అడిగితే, ఇది రగ్బీ మ్యాచ్ ప్రభూ, పశువుల సంత కాదు అన్నాడట. మొదటి ప్రపంచ యుద్ధంలో కన్ను పోగొట్టుకుని 1920లో మళ్లీ జట్టులోకి వచ్చిన జాక్ వెమిస్‌కు జెర్సీ ఇవ్వలేదన్నది ఇంకో కథ. 1914లో ఇచ్చాం కదా, అదేమైంది? నిజమెంతో, పెంచి చెప్పిందెంతో గానీ, ఎవరూ వీటిని అబద్ధమని కొట్టిపారేయరు.

1905లో న్యూజిలాండ్ జట్టు వచ్చినప్పుడు ముందుగా ఇంత సొమ్ము ఇస్తామని మాట ఇవ్వడానికి యూనియన్ ఒప్పుకోలేదు. గేటు వసూళ్లు మీరే తీసుకోండి అంది, జనం రారనే నమ్మకంతో. జనం విరగబడి వచ్చారు. డబ్బంతా న్యూజిలాండ్ వాళ్ల జేబులోకి వెళ్లింది. 1924–25లో న్యూజిలాండ్ మళ్లీ వచ్చి ఆడిన 32 మ్యాచ్‌లూ గెలిచింది. స్కాట్లాండ్‌ను మాత్రం ఓడించలేదు, ఎందుకంటే పర్యటన ఏర్పాట్లు పద్ధతిగా జరగలేదని స్కాట్లాండ్ అసలు ఆడనే లేదు. తమాషా ఏమిటంటే సరిగ్గా ఆ సీజన్లోనే స్కాట్లాండ్‌కు చరిత్రలో అతి గొప్ప జట్టుంది. 1925 మార్చి 21న కొత్తగా తెరిచిన మర్రేఫీల్డ్‌లో ఇంగ్లాండ్‌ను 14–11తో ఓడించి, ప్రత్యర్థులందర్నీ మట్టికరిపించిన తొలి గ్రాండ్‌స్లామ్ సాధించింది. ఆ ఘనత తర్వాత 1984లో ఒకసారి, 1990లో ఒకసారి వచ్చింది. అంతే.

1971లో జట్టుకు కోచ్ అవసరమని యూనియన్‌కు అర్థమైంది. కానీ కోచ్ అంటే ప్రొఫెషనల్ వాసన. అందుకని బిల్ డికిన్సన్‌ను కెప్టెన్‌కు సలహాదారు అనే పేరుతో పెట్టుకున్నారు.

ఈ ఛాందసాన్ని ఎగతాళి చేయడం తేలిక. దానికో మంచి ముఖం కూడా ఉంది, చెప్పకపోతే అన్యాయం. డబ్బు ముట్టని యూనియన్‌లో అధికారమంతా సభ్య క్లబ్బులదే. చిన్న ఊరి క్లబ్బైనా పెద్ద క్లబ్బైనా సమావేశంలో లేచి అడగొచ్చు, కమిటీకి పోటీ చేయొచ్చు. కమిటీ సభ్యుడు జీతం లేకుండా పనిచేసి, శనివారం తన క్లబ్బు మైదానం పక్కన నిలబడి తిట్లు తినేవాడు. జవాబుదారీతనం అంటే అప్పట్లో అదే.

1995 తర్వాత

1995 ఆగస్టులో పారిస్‌లో అంతర్జాతీయ బోర్డు రగ్బీని ప్రొఫెషనల్ ఆటగా ప్రకటించింది. ఇంగ్లాండ్‌లో ధనవంతులు క్లబ్బులు కొనేసుకున్నారు. ఫ్రాన్స్‌లో పట్టణాలు, వ్యాపారులు వెనక నిలబడ్డారు. స్కాట్లాండ్‌లో ఏ క్లబ్బుకూ అంత స్తోమత లేదు. మెల్రోజ్ జనాభా ఎంతని? అయినా యూరప్‌లో ఆడేది మేమే కావాలని పెద్ద క్లబ్బులు కోరాయి. జిమ్ టెల్ఫర్ లాంటివాళ్లు ఒప్పుకోలేదు. ఆయన మెల్రోజ్ వాడే, హెడ్‌మాస్టర్ కూడా, 1984 గ్రాండ్‌స్లామ్ కోచ్. ఉన్న కొద్దిమంది ఆటగాళ్లను జిల్లా జట్లలోకి చేర్చాలి, వాటికి జీతాలు యూనియన్ ఇవ్వాలి అన్నాడు. ఆయన మాటే నెగ్గింది. ముందు నాలుగు జిల్లా జట్లు పెట్టారు. డబ్బు చాలక 1998లో రెండు చేశారు, ఎడిన్‌బరో, గ్లాస్గో. 2002లో బోర్డర్స్ జట్టును మళ్లీ తెచ్చారు. 2007లో మూసేశారు.

ఈ మూసివేత దగ్గర కాసేపు ఆగాలి. ఎక్కడైతే రగ్బీ ఊరి ఆటో, ఎక్కడి నుంచి జాతీయ జట్టుకు తరతరాలుగా ఆటగాళ్లు వచ్చారో, అక్కడే ప్రొఫెషనల్ జట్టు లేకుండా పోయింది. గాలాషీల్స్‌లోని నెదర్‌డేల్ మైదానంలో ఆ జట్టు ఆడేది. హావిక్ వాడు గాలా మైదానానికి వచ్చి, మా జట్టు అని అరవాలి. వందేళ్లుగా శత్రువు అనుకున్న ఊరి గేటు దగ్గర టికెట్ కొనాలి. జనం రాలేదు. లెక్కల ప్రకారం మూసేయడం తప్పలేదు అని యూనియన్ అంది. లెక్క సరైనదే కావచ్చు. బోర్డర్స్ వాళ్లు మాత్రం ఇప్పటికీ ఆ విషయం గొంతు పెంచకుండా మాట్లాడలేరు.

అంత డబ్బు కొరత ఎందుకంటే, ఒక పెద్ద కారణం మర్రేఫీల్డే. 1975లో వేల్స్‌తో మ్యాచ్‌కు లక్షా నాలుగు వేలమంది వచ్చిన మైదానం అది. నిలబడి చూసేవాళ్లే ఎక్కువ. 1990ల మొదట్లో అందరికీ కుర్చీలు ఉండేలా మళ్లీ కట్టారు, ఇప్పుడు 67,144 మంది పడతారు. ఆ కట్టుబడి అప్పు, పైన ప్రొఫెషనల్ ఆటగాళ్ల జీతాలు. 2000ల మధ్యలో యూనియన్ అప్పు రెండు కోట్ల పౌండ్లు దాటింది.

అప్పుడు పాత తగువు బయటపడింది. వ్యాపారం తెలిసిన ఛైర్మన్ డేవిడ్ మెకే, సీఈఓ ఫిల్ ఆండర్టన్ ఒకవైపు. క్లబ్బులు ఎన్నుకున్న జనరల్ కమిటీ మరోవైపు. ఎవరి మాట చెల్లాలి? 2005 జనవరిలో కమిటీ మెకేను దింపేసింది. వెంటనే ఆండర్టన్ రాజీనామా చేశాడు, బోర్డులో బయటినుంచి వచ్చిన డైరెక్టర్లూ వెళ్లిపోయారు. వారం రోజుల్లో ఆఫీసు ఖాళీ. గెలిచామనుకున్న కమిటీ కూడా ఎంతోకాలం మిగల్లేదు, అదే ఏడాది నిర్మాణమంతా మార్చేశారు.

ఎడిన్‌బరో జట్టును 2006లో ప్రైవేటు వాళ్లకు అప్పగించి చూశారు. ఏడాది తిరక్కుండానే గొడవలై 2007లో వెనక్కి తీసుకున్నారు. అప్పటినుంచి రెండు ప్రొఫెషనల్ జట్లూ యూనియన్ సొంతమే. అందులో గ్లాస్గో వారియర్స్ 2015లోనూ, 2024లో దక్షిణాఫ్రికా వెళ్లి ప్రిటోరియాలో బుల్స్‌ను ఓడించీ లీగ్ టైటిళ్లు గెలిచింది.

ఇప్పుడు ఎవరేం చూస్తారు

దీన్ని అర్థం చేసుకోవడానికి మన సహకార చక్కెర ఫ్యాక్టరీని తలుచుకోండి. ఫ్యాక్టరీ చెరకు రైతులది, వాళ్లే సభ్యులు. మిషన్లు, అమ్మకాలు, జీతాలు చూడటానికి ఎండీ ఉంటాడు. లాభం వచ్చినంతకాలం ఎవరూ ఏమీ అడగరు. నష్టం వస్తే రైతులు, ఫ్యాక్టరీ మాది, నువ్వెవరివి అంటారు. ఎండీ, మీకు వ్యాపారం తెలీదు అంటాడు. ఇద్దరూ నిజమే చెబుతారు.

2005 తర్వాత స్కాట్లాండ్‌లో క్లబ్బుల తరఫున కౌన్సిల్, వ్యాపారం చూడటానికి బోర్డు అనే ఏర్పాటు నడిచింది. గీత ఎక్కడుందో కాగితం మీద ఉంది గానీ, పనిలో తేలలేదు. 2020లో ఇద్దరు బయటివాళ్లకు సమీక్ష అప్పగించారు. వాళ్లలో ఒకరు సర్ బిల్ గామెల్. 1970లలో స్కాట్లాండ్‌కు ఐదు మ్యాచ్‌లు ఆడినవాడు, కెయిర్న్ ఎనర్జీ స్థాపకుడు. కోనసీమ వాళ్లకు ఈ పేరు కొత్త కాదు, ఎస్.యానాం తీరం అవతల రవ్వ చమురు క్షేత్రాన్ని నడిపిన కెయిర్న్ ఇదే.

సమీక్షలు, వాటిపై కమిటీలు, ఓట్లు అన్నీ అయ్యాక 2022లో క్లబ్బులు కొత్త నిర్మాణానికి ఒప్పుకున్నాయి. దాని ప్రకారం రెండు సంస్థలున్నాయి. పైన యూనియన్, అది సభ్య క్లబ్బులది. దానికో చిన్న బోర్డు. ఆ బోర్డు పని ఆటను నడపడం కాదు, నడిపేవాళ్లను కనిపెట్టి ఉండటం. కింద స్కాటిష్ రగ్బీ లిమిటెడ్ అనే కంపెనీ. జాతీయ జట్లు, రెండు ప్రొఫెషనల్ జట్లు, మర్రేఫీల్డ్, టీవీ హక్కులు, స్పాన్సర్లు అన్నీ దాని చేతిలో ఉంటాయి. దానికి వేరే ఛైర్మన్, సీఈఓ ఉన్నారు. ఇవి కాక శనివారం ఆడే మామూలు క్లబ్బుల సంగతి చూడటానికి క్లబ్ రగ్బీ బోర్డు ఉంది.

కంపెనీకి స్వేచ్ఛ ఇవ్వకపోతే పెద్ద డబ్బుతో బేరాలాడలేదు. 2021లో సీవీసీ అనే పెట్టుబడి సంస్థ, ఆరు యూరప్ దేశాలు ఏటా ఆడే సిక్స్ నేషన్స్ టోర్నమెంట్‌లో ఏడో వంతు వాటా కొనుక్కుంది, 36.5 కోట్ల పౌండ్ల దాకా ఇచ్చే ఒప్పందంతో. అలాంటి ఒప్పందం వంద క్లబ్బుల సర్వసభ్య సమావేశంలో తేల్చేది కాదు. కానీ ఆఫీసు చేతికి అంతా వదిలేస్తే ఏమవుతుందో కూడా క్లబ్బులు చూశాయి. 2019లో యూనియన్ పెద్దలు సూపర్ సిక్స్ అని ఆరు సెమీ ప్రొఫెషనల్ జట్ల లీగ్ పెట్టారు. ఎంపికైన క్లబ్బుల్లో కొన్ని పేర్లు మార్చుకున్నాయి, మెల్రోజ్ జట్టు సదరన్ నైట్స్ అయింది. క్లబ్ ఆట మీగడంతా తీసేశారని మిగతా ఊళ్లు మండిపడ్డాయి. ఐదేళ్లు తిరక్కముందే, 2024లో, దాన్ని ఎత్తేశారు. నా మట్టుకు నాకు, మనుషులకు అలవాటైన పేరును మార్చినప్పుడే ఆ పథకం సగం చచ్చింది.

ఈ బోర్డుల గొడవలో ఎవరూ పట్టించుకోకుండానే పెరిగింది మహిళల రగ్బీ. స్కాట్లాండ్ మహిళలు తమ మొదటి అంతర్జాతీయ మ్యాచ్ 1993 ఫిబ్రవరి 14న ఆడి ఐర్లాండ్‌ను 10–0తో ఓడించారు. మరుసటి ఏడాది మహిళల ప్రపంచకప్పు నెదర్లాండ్స్‌లో జరగాల్సి ఉండగా వాళ్లు తప్పుకున్నారు. అంతర్జాతీయ బోర్డు గుర్తింపు లేదు, డబ్బు లేదు. స్కాట్లాండ్ ఆటగాళ్లే కొందరు పూనుకుని దాదాపు మూడు నెలల్లో మొత్తం టోర్నమెంటును ఎడిన్‌బరో, గ్లాస్గో చుట్టుపక్కల క్లబ్ మైదానాల్లో జరిపించేశారు. ఏ కమిటీ తీర్మానమూ లేదు, ఏ నివేదికా లేదు. ఫైనల్లో ఇంగ్లాండ్ అమెరికాను ఓడించింది.

1993లో ఆ మొదటి మ్యాచ్, 1994లో ఈ ఫైనల్, రెండూ జరిగింది పేపర్లో సవాలు విసిరినవాళ్లు 1871లో ఆడిన ఆ రేబర్న్ ప్లేస్‌లోనే. ఆ మైదానం యూనియన్‌దీ కాదు, కంపెనీదీ కాదు. ఇప్పటికీ అక్కడ ఆడేది ఎడిన్‌బరో అకాడమికల్స్ క్లబ్బే.